తెరమీద పగ, న్యాయస్థానమున వాయిదా

కొరియా దేశపు పగకథలకు తమిళదేశమున లభించుచున్న ఆదరణను గూర్చి పలువురు పలువిధముల మాటలాడుచున్నారు. ఆ కథలు తమిళ కంఠములు తొడుగుకొని చెన్నపట్టణము మొదలు తిరునల్వేలి వరకు ఇంటింట ప్రవేశించినవి. తెలుగు కంఠములతో కొన్ని మన యిండ్లకును వచ్చినవి. సియోలు నగరపు ఇరుకు సందులో ఒకడు తన పగవానిని వెంటాడుచుండగా రాజమహేంద్రవరములోని యువకుడు అర్ధరాత్రి దాటువరకు మేల్కొని చూచుచున్నాడు. భీమవరమునను, అమలాపురమునను ఇదియే వరుస. ఆ దేశమెక్కడ, ఈ వరిచేల నాడెక్కడ? వారి భోజనము వేరు, వారి చలి వేరు, వారి దుస్తులు వేరు. ఐనను ఆ కథలోని తండ్రి పిడికిలి బిగించినప్పుడు ఇచ్చట చూచువాని పిడికిలియు బిగియుచున్నది. దీనికి కారణమేమి?

జనులకు హింసయనిన మోజు అని చెప్పి ఊరకుండుట సులభము. పెద్దలలో అనేకులు అట్లే చెప్పి పెదవి విరచుచున్నారు. కాని ఆ సమాధానము చాలదు. వట్టి హింస కోరువానికి తుపాకుల మోతతో నిండిన చిత్రములు ఏ దేశమునుండియైనను దొరకును. కొరియా పగకథలో మనవారు వెదకునది లెక్క తేలుట. చేసినవాడు చేసినదానికి బదులు చెప్పవలెను. ఎంత గొప్పవాడైనను, ఎన్ని యేండ్లు గడచినను చెప్పవలెను. ఆ లెక్క ఊరి ఠాణాలోను, జిల్లా కోర్టులోను తేలుట లేదని జనులకు తోచినచోట వారు తెరవైపు తిరుగుదురు. ఆ చప్పట్లు ఒక విధమైన అర్జీ. దానిని వ్రాసినవారిని మందలించుటకు ముందు అందేమున్నదో చదువుట మన విధి.

ఈ కథలు నడచి వచ్చిన దారి మనకు క్రొత్తది కాదు. 1936లో నిడమర్తి సూరయ్యగారు రాజమహేంద్రవరమున దుర్గా సినీటోనును నెలకొల్పినను, తెలుగు చిత్రపరిశ్రమ చిరకాలము చెన్నపట్టణముననే నిలిచెను. తెలుగు, తమిళ నటులును రచయితలును ఒకే వీధులలో తిరిగి, ఒకే స్టూడియోలలో పని చేసిరి. 1950లో హిందీనుండి తెలుగు కంఠములు తొడిగి "ఆహుతి" చిత్రమును విడుదల చేసినప్పుడు దానికి మాటలు, పాటలు సమకూర్చినవాడు శ్రీశ్రీ. అటుపిమ్మట తమిళచిత్రము తెలుగు మాటలాడుట నిత్యకృత్యమైనది. కమలహాసన్‌గారికి ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యముగారును, రజనీకాంత్‌గారికి మనోగారును తెలుగు గొంతు నిచ్చిరి. గోదావరి మండలముల ప్రేక్షకునికి వా రిరువురు పరాయి నటులని ఎన్నడును తోచలేదు. జిల్లాలు 2022లో ముక్కలైనను చిత్రవ్యాపారులు ఈ ప్రాంతమును ఈస్టు, వెస్టు అని రెండు ఖాతాలుగనే వ్రాసికొందురు; ఆ ఖాతాలలో డబ్బింగు చిత్రముల వసూళ్లు తక్కువవి కావు.

కొరియా కథలకు తమిళదేశమున ద్వారము తెరచినవానిలో 2013లో ఆరంభమైన పుదుయుగం టెలివిజను సంస్థ ఒకటి. అది కొరియా ధారావాహికలను తమిళ కంఠములతో ప్రసారము చేసెను. అవి మొదట ప్రేమకథలు, కళాశాలల కథలు. 2021 సెప్టెంబరులో నెట్‌ఫ్లిక్సు ద్వారా వెలువడిన "స్క్విడ్ గేమ్" తమిళముతోబాటు తెలుగునను వినవచ్చెను. అప్పులపాలై దిక్కు తోచని మనుష్యులను చేరదీసి, పిల్లలాటలు ఆడించి, ఓడినవారిని చంపు ధనికుల కథ అది. వడ్డీవ్యాపారి బాధ యెరిగిన మనదేశమునందు దానికి వ్యాఖ్యానము అవసరము లేకపోయెను.

ఇది గాక మరియొక దారి కలదు. కొరియా చిత్రమును ముందుంచుకొని దాని కథనంతయు పది పదునైదు నిమిషములలో తమిళమునగాని తెలుగునగాని చెప్పి వినిపించు కథకులు యూట్యూబున అనేకులు బయలుదేరినారు. తీరిక లేని కూలివాడు, బస్సులో పోవు విద్యార్థి ఆ చిత్రమును చూడకయే కథ తెలిసికొనుచున్నాడు. దీనిని చూచి నవ్వవలసిన పని లేదు. మూకీచిత్రముల కాలమున తెరప్రక్క నిలిచి కథ వివరించు వ్యాఖ్యాతలు మన ఊళ్లలో ఉండిరి. కొరియాలోను ఉండిరి, అచ్చట వారిని బ్యన్సా అని పిలిచిరి. శతాబ్దము గడచినపిమ్మట ఆ వృత్తియే చరవాణిలో మరల పుట్టినది.

కొరియా మాటలపై తమిళ, తెలుగు మాటలు చక్కగా అమరుటకు భాషాకారణము కూడ కలదు. 1905లో హోమర్ హల్బర్టను అమెరికా పాదరి కొరియాభాషను ద్రావిడభాషలతో పోల్చి ఒక వ్యాకరణగ్రంథమే వ్రాసెను. ఆ బంధుత్వమును నేటి భాషావేత్తలు అంగీకరింపరు; తండ్రిని "అప్పా" యని పిలుచుటవంటి పోలికలను చూచి తమిళసోదరులు ముచ్చటపడినను, అంతమాత్రమున చుట్టరికము స్థిరపడదు. ఐనను వాక్యనిర్మాణములోని పోలిక కాదనరానిది. కొరియాభాషలో మనకువలెనే క్రియ వాక్యాంతమున వచ్చును. పగవాని గొంతుపై కత్తి పెట్టినవాడు "నేను నిన్ను..." అని ఆరంభించినచో, చంపునో విడుచునో చివరి అక్షరము పలుకు వరకు తెలియదు. ఆ ఉత్కంఠ ఇంగ్లీషులో సగము చెడును. తమిళములోను తెలుగులోను చెక్కుచెదరదు.

మన్ననల సంగతియు అట్టిదే. ఎదుటివాని వయసును, హోదాను బట్టి కొరియాభాషలో క్రియాంతములు మారును. అంతవరకు వంగి వంగి మాటలాడిన సేవకుడు ఒక్కసారిగా మన్నన విడిచెనేని, "మీరు" పోయి "నీవు" వచ్చినట్లు, పగ బయటపడెనని చూచువారికి తెలియును. వరుసపెట్టి పిలుచుట కూడ వారికిని ఉన్నది. 2010లో కొరియాలో అన్నిటికంటె ఎక్కువ వసూలు చేసిన దేశీయచిత్రమొకటి ఇంగ్లీషువారికి "ది మ్యాన్ ఫ్రమ్ నోవేర్" అను పేరిట తెలిసినది. దాని అసలు పేరు "అజొస్సి". ఇరుగుపొరుగు పిల్ల వయసు మీరిన మగవానిని పిలుచు పిలుపు అది. మనయింట "బాబాయిగారూ" అన్నట్లు. దిక్కులేని చిన్నపిల్ల ఒకతె ఒంటరిగా బ్రదుకు ఆ పొరుగువానిని అట్లు పిలుచుచుండును. దుర్మార్గులు ఆమెను ఎత్తుకొనిపోగా అతడు వారినందరిని వెదకి పట్టును. ఇంగ్లీషు పేరులో ఆ మనిషి ఎక్కడనుండియో వచ్చినవాడు. అసలు పేరులో పొరుగింటి బాబాయి. తమిళునికి, తెలుగువానికి ఆ కథ ఎందుకు దగ్గరయ్యెనో ఈ ఒక్క పేరే చెప్పగలదు.

కంఠము అమరినంతమాత్రమున కథ హృదయమున అమరదు. ఆ దేశము ఇట్టి కథలనేల కల్పించెనో కూడ తెలిసికొనవలెను. కొరియా 1910 మొదలు 1945 వరకు జపానుపాలనలో నలిగినది. ఆపై రెండు ముక్కలై, 1950-53 నడుమ ఘోరయుద్ధమును చూచినది. దక్షిణభాగము చాలకాలము సైనికాధిపతుల చేతులలో నుండెను. 1980 మేలో గ్వాంగ్జు నగరమున ప్రజాస్వామ్యము కోరిన పౌరులపై సేనలు కాల్పులు జరిపినవి. అందుకు బాధ్యుడైన చున్ దూ-హ్వాన్ పిమ్మట అధ్యక్షపీఠ మెక్కెను. 1996లో అతనికి న్యాయస్థానము మరణశిక్ష విధించెను; అది యావజ్జీవశిక్షగా తగ్గెను; 1997 డిసెంబరులో క్షమాభిక్షయు లభించెను. బిడ్డలను కోల్పోయిన తల్లులకు ఇది పదునేడేండ్ల నిరీక్షణఫలము. ఆ 1996లోనే కొరియా రాజ్యాంగన్యాయస్థానము చిత్రములను విడుదలకు ముందు ప్రభుత్వము కత్తిరించుట చెల్లదని తీర్పు చెప్పెను. నోటికి వేసిన కట్టు విప్పినవెంటనే కళాకారులు చెప్పిన కథలలో పగకథ ముందువరుసన నిలుచుటలో వింత యేమున్నది?

పార్క్ చాన్-వుక్ అను దర్శకుడు 2002, 2003, 2005 సంవత్సరములలో వరుసగా మూడు ప్రతీకారచిత్రములను తీసెను. వానిలో రెండవది "ఓల్డ్‌బాయ్". 2004లో కాన్ చిత్రోత్సవమున ద్వితీయ బహుమానమైన గ్రాం ప్రీ దానికి లభించెను. కారణము తెలియకయే ఒకానొకడు పదునైదేండ్లు ఒక గదిలో బంధింపబడును. విడుదలయైనపిదప కారణము వెదకి వెదకి కనుగొనును. పాఠశాలలో చదువునాడు తాను చూచిన దొకటి మిత్రునితో పలికెను. ఆ మాట నోటనోట పెరిగి ఒక బాలిక ప్రాణము తీసెను. ఆమె సోదరుడు తీర్చుకొన్న పగ అది. నోరు మంచిదైతే ఊరు మంచిదని మన పెద్దలన్న మాటకు ఇంతకంటె భయంకరమైన వ్యాఖ్యానము దొరకదు. మరియు గమనింపదగిన విషయమేమనగా, పగ పూర్తిగా తీరిన ఆ సోదరుడు బ్రదుకుటకు మరి కారణము కానరాక తన్ను తాను కాల్చుకొనును.

2010లో కిమ్ జీ-వూన్ తీసిన "ఐ సా ద డెవిల్" కథలో భార్య కాబోవు యువతిని చంపిన హంతకుని ఒక రహస్య రక్షకోద్యోగి పట్టుకొనును. చంపక, కొట్టి విడుచును. మరల పట్టును, మరల విడుచును. బాధను సాగదీయుట అతని ఉద్దేశము. ఆ సాగదీతలో హంతకుడు ఆ యువతి చెల్లెలిని కూడ చంపును. చివర పగ తీరినవాడు ఒంటరిగా రోడ్డుమీద ఏడ్చుచు నడచిపోవును. పార్క్ మూడవచిత్రములో బిడ్డలను పోగొట్టుకొన్న తలిదండ్రులందరు ఒకచో కూడి హంతకుని తామే శిక్షింతురు. ఆపై ఒకరి ముఖ మొకరు చూడలేక కూర్చుందురు. చప్పట్లు కొట్టుటకు వచ్చిన ప్రేక్షకుడు ఈ చిత్రముల చివర చేతులు ముడుచుకొని లేచును. ఈ జాతి కథలలో ఉత్తమములైనవి పగను పొగడవు. దాని వెల యెంతయో బేరము లేకుండ చెప్పును.

తమిళులు ఈ కథలకు కరగుట సహజమని వారి సాహిత్య మెరిగినవారు చెప్పగలరు. వారి శిలప్పదికారమున కన్నగి భర్త చేయని దొంగతనమునకు వధింపబడెను. ఆమె కాలియందె చేతబట్టి పాండ్యుని కొలువున నిలిచి, తీర్పు తప్పని ఋజువు చేసెను. తన తప్పు తెలిసిన రాజు అచ్చటనే ప్రాణము విడిచెను; మధుర తగులబడెను. 1968లో చెన్నపట్టణపు సముద్రతీరమున తమిళులు ఆమె విగ్రహమును నిలిపిరి. విచారణ లేక శిక్ష విధించిన రాజును నిలదీసిన యిల్లాలు వారికి దేవత. కన్నగి మొదట అగ్గి పెట్టలేదని మాత్రము మరువరాదు. ఆమె మొదట కొలువునకు పోయి సాక్ష్యము చూపెను.

నేటి తమిళచిత్రములును ఈ బాటనే పట్టినవి. 1996లో "భారతీయుడు", 2005లో "అపరిచితుడు" అను పేళ్లతో తెలుగునకు వచ్చిన శంకర్ చిత్రములు రెండింటను, చట్టము పట్టని లంచగొండిని, నిర్లక్ష్యపరుని ఒక ప్రత్యేకపురుషుడు పట్టి శిక్షించును. 2024 జూనులో తమిళముతోబాటు తెలుగునను విడుదలయైన "మహారాజ" చిత్రమున ఒక మంగలి, ఇంటి చెత్తబుట్ట పోయినదని ఠాణాకు పోవును. అతనిని అవహేళన చేసిన వారే డబ్బు చూపగా ఫిర్యాదు తీసికొందురు. ఆ ఫిర్యాదు వెనుక మరియొక దారుణము దాగియున్నది. సభలో నవ్వు పుట్టించిన దృశ్య మదియే. ఎందుకు నవ్విరి? అది తమకు తెలిసినదే కనుక.

ఇక మన గోదావరితీరపు మాట. పదునొకండవ శతాబ్దమున రాజరాజనరేంద్రుని కొలువులో, ఈ రాజమహేంద్రవరముననే, నన్నయభట్టు భారతాంధ్రీకరణమునకు పూనుకొనెను. ఆ ఆదిపర్వారంభము నంతయు ఒకసారి తలచుకొనుడు. జనమేజయుని సోదరులు నిరపరాధియైన కుక్కపిల్లను కొట్టిరి. బలము లేనివానిని బాధించినవారికి తలవని తలంపుగా ఆపద కలుగునని దాని తల్లి సరమ రాజును హెచ్చరించి పోయెను. తక్షకునిపై కసిగొన్న ఉదంకుడు రాజును రెచ్చగొట్టెను. భార్యను పాము కరచినందుకు రురుడు కనబడిన ప్రతి పామును చంపుచు తిరిగెను. విషము లేని డుండుభమొకటి, నేను నీకేమి చేసితినని అడుగు వరకు అతనికి ఆ ప్రశ్నయే తోచలేదు. తెలుగున ఆదికావ్యము పగకథల పేటికతో తెరచుకొన్నది.

ఆ పగలన్నిటికి మూలమెంతటిది? మౌనముననున్న మునిమెడలో పరీక్షిత్తు ఒక చచ్చిన పామును వేసెను. మునికుమారుడు శపించెను. తక్షకుడు కరచెను. కొడుకు జనమేజయుడు పాముల వంశమునే అగ్నికాహుతి చేయ సంకల్పించెను. ఆకతాయితనముగా చేసిన ఒక అవమానము సర్పకులనాశము వరకు పెరిగినది. కొరియా చిత్రములో పాఠశాల వసారాలో పలికిన మాట పదునైదేండ్ల చెరసాలగా పెరిగినట్లే ఇదియు. తొమ్మిదివందల యేండ్లకు పైగా ఈ కథలను పురాణకాలక్షేపమున వినుచున్న జనులకు సియోలు పగకథ పరాయిదగునా?

ఈ సాహిత్యప్రసంగము తెరయొద్దనే ముగిసిన బాగుండెడిది. కాని పగ తెర దిగి వీథికి వచ్చిన సందర్భములను మనము చూచితిమి. 2019 నవంబరులో హైదరాబాదు సమీపమున ఒక పశువైద్యురాలు మహాఘోరముగ చంపబడెను. దేశమంతయు భగ్గుమనెను. డిసెంబరు 6వ తేదీ తెల్లవారుజామున నిందితులు నలుగురును పోలీసుకాల్పులలో మరణించిరి. ఆ పోలీసులపై జనులు పూలు చల్లిరి, మిఠాయిలు పంచిరి. తెరముందు కొట్టు చప్పట్లే అచ్చట నిజముగ మ్రోగినవి. సుప్రీంకోర్టు నియమించిన జస్టిస్ సిర్పూర్కర్ సంఘపు నివేదిక 2022 మేలో వెల్లడియయ్యెను. పోలీసులు చెప్పిన వృత్తాంతము నమ్మదగినది కాదనియు, చంపు ఉద్దేశముతోనే కాల్చిరనియు, పదిమంది ఉద్యోగులను హత్యానేరముపై విచారింపవలెననియు, చనిపోయినవారిలో ముగ్గురు పదునెనిమిదేండ్లు నిండనివారనియు ఆ సంఘము పేర్కొనెను. నేరము చేసినది వారేనా యని నిర్ణయింపవలసిన విచారణ మరి జరుగుటకు వీలులేకపోయెను. ఆ తల్లిదండ్రుల దుఃఖమునకు చట్టబద్ధమైన తీర్పు లభింపలేదు.

పోలీసువారి తొందర యెంత ప్రమాదకరమో కొరియావారు అనుభవమున తెలిసికొనిరి. 1986 మొదలు 1991 వరకు హ్వాసంగ్ ప్రాంతమున స్త్రీలు వరుసగా హత్యచేయబడిరి. ఆ వృత్తాంతముపై బాంగ్ జూన్-హో 2003లో "మెమరీస్ ఆఫ్ మర్డర్" చిత్రమును తీసెను. అందు రక్షకభటులు దొరికినవానినెల్ల కొట్టి ఒప్పించుటకు చూతురు. నిజమైన హంతకుడు 2019లో డి.ఎన్.ఎ. పరీక్షవలన తేలెను. అప్పటికే అతడు వేరొక హత్యకు యావజ్జీవశిక్ష అనుభవించుచుండెను. ఆ పాతహత్యలకు గడువు తీరినందున విచారించు వీలు లేదు. అంతకంటె విషాదకరమైన దేమనగా, ఆ హత్యలలో ఒకదానికై నిరపరాధి యొకడు సుమారు ఇరువదేండ్లు జైలులో మ్రగ్గెను. 2020 డిసెంబరులో గాని న్యాయస్థానము అతనిని నిర్దోషి యనలేదు. ఆనాడే జనులు కోరినట్లు అతనిని కాల్చియుండిన ఎవరికి క్షమాపణ చెప్పియుందురు?

మన మండలములు దీనికి దూరముగా నున్నవని ఎవరును తలంపవలదు. 2014 సెప్టెంబరు 24వ తేదీన ఏలూరు సమీపగ్రామమునకు చెందిన ఒక తండ్రియు, ఇద్దరు కొడుకులును ఒక హత్యకేసులో ఏలూరు న్యాయస్థానమునకు హాజరగుటకు కారులో పోవుచుండిరి. కృష్ణాజిల్లా పెదఆవుటపల్లివద్ద జాతీయరహదారిపై వారు మువ్వురును కాల్చి చంపబడిరి. అంతకు కొన్ని నెలల ముందు జరిగిన హత్యకు ఇది ప్రతీకారమనియు, కిరాయి హంతకులను రప్పించిరనియు పోలీసులు తెలిపిరి. చిత్రకథకు వలసిన హంగులన్నియు ఇందున్నవి. చప్పట్లు మాత్రము లేవు. మిగిలినవి విధవలు, అనాథలు, మరల వాయిదాలు. నిందితులు కోర్టుమెట్లు ఎక్కుటకు పోవుచున్న దారిలో తుపాకి ముందుగా తీర్పు చెప్పెను. తీర్పు వచ్చునను నమ్మకము ఎదుటిపక్షమునకు ఉండియుండిన ఆ తుపాకి పేలెడిదా?

ప్రశ్న ఇచ్చట నిలిచినది. 2023 జులైలో కేంద్ర న్యాయశాఖమంత్రి రాజ్యసభకు తెలిపిన లెక్కనుబట్టి దేశమందలి న్యాయస్థానములలో తేలని వ్యాజ్యములు 5 కోట్లు దాటినవి. ఓడినవాడు కోర్టులోనే ఏడ్చును, గెలిచినవాడు ఇంటికి వచ్చి ఏడ్చునని మన రైతు ఊరక అనలేదు. డెల్టాలో పొలమున్న కుటుంబమునకు పంపకాల దావా, గట్టు తగాదా, బోదెనీటి తగాదా తెలియనివి కావు. తాత వేసిన దావాకు మనుమడు వాయిదాలు తిరుగుట పలుచోట్ల చూచుచున్నాము. పుంతదారిపై మొదలైన మాటపట్టింపు కఱ్ఱలవరకు, కత్తులవరకు పోవుటయు కలదు. పరీక్షిత్తు వేసిన చచ్చినపాము మన చేలగట్లపై ఇంకను పడియున్నది.

కొందరు ఈ పరదేశపు పగకథలను నిషేధింపవలెనందురు. మేము దానికి సమ్మతింపము. పసిపిల్లలు చూడదగనివి అందు చాల కలవు. అట్టివానిని వారికి దూరముగా నుంచుట తలిదండ్రుల కర్తవ్యము. వయసునుబట్టి చిత్రములను వర్గీకరించు పద్ధతిని 2023 నాటి సవరణచట్టము మరింత వివరముగా నేర్పరచెను. ఇంట దానిని అమలుపరచువారు పెద్దలే. ఐనను ఎదిగినవారిముందు అద్దము పగులగొట్టినంత మాత్రమున ముఖము మారదు. చిత్రము ఆగినను ఠాణాలో ఫిర్యాదు పుచ్చుకొనని జమాదారు అట్లే కూర్చుండును.

చేయవలసిన పనులు వేరు. విచారణార్హమైన నేరమును గూర్చి సమాచారము అందినతోడనే ఎఫ్.ఐ.ఆర్. నమోదు చేయుట తప్పనిసరి యని సుప్రీంకోర్టు రాజ్యాంగధర్మాసనము 2013లో లలితాకుమారి వ్యాజ్యమున తీర్పు చెప్పెను. ఈ సంగతి ఎరిగినవారు గ్రామమునకు పదిమంది యుండిన, చదువురాని వానితో కూడ ఠాణాకు పోయి నిలిచిన, "మహారాజ" చిత్రములోని నవ్వు కొంత తగ్గును. 1987 నాటి న్యాయసేవాధికార చట్టము క్రింద ఏర్పడిన లోక్ అదాలతులు కలవు. అచ్చట రాజీపడిన వ్యాజ్యమునకు కోర్టురుసుము తిరిగివచ్చును, అప్పీలు బాధ యుండదు. గట్టు తగాదాలు, పంపకాలు అచ్చట తేల్చుకొనక, పౌరుషము పేరిట పై కోర్టులకెక్కి రెండు తరముల ఆస్తిని వ్యయపరచువారు మనలోనే యున్నారు. న్యాయాధిపతుల ఖాళీలను నింపుడని, సాక్షులకు రక్షణ కల్పింపుడని శాసనసభ్యులను నిలదీయువారు మాత్రము అరుదు. ఓటు అడుగవచ్చినవానిని రోడ్డు అడుగుదుము, కాలువ పూడిక అడుగుదుము. కోర్టును గూర్చి ఎవరడిగితిమి?

భూస్వాములకును, పట్టణవాసులకును ఈ విషయమున బాధ్యత ఎక్కువ. న్యాయము ఆలస్యమైన, డబ్బు గలవాడు ఎట్లో కాలము గడుపును. ఆలస్యము ఒక్కొక్కప్పుడు అతనికి లాభము కూడ. పేదవాడు గడుపలేడు. అతడు రెండే దారులు చూచును: తల వంచుకొని పోవుట, లేక కత్తి పట్టుట. రెండవదానిని తెరమీద చూచి అతడు తృప్తిపడుచున్నంతవరకు మనము నిద్రపోవుచున్నాము. తెర చాలని దినము వచ్చినచో నిద్రపట్టదు.

సర్పయాగము ఎట్లు ముగిసెనో నన్నయ చెప్పకపోలేదు. మంత్రములు సాగుచున్నవి, పాములు కుప్పలుగా మండుచున్నవి, తక్షకుడు గుండమునకు చేరువయగుచున్నాడు. అప్పుడు ఆస్తీకుడను బాలుడు యజ్ఞశాలకు వచ్చెను. వాని తల్లి నాగకన్య, తండ్రి ముని. ఇరుపక్షముల రక్తమును వానిలో నున్నది. ఆయుధము పట్టలేదు, శాపమీయలేదు. రాజును ధర్మము చూపి అడిగెను. జనమేజయుడు తండ్రిని పోగొట్టుకొన్నవాడు, కోపమునకు హక్కుగలవాడు, అగ్ని ప్రజ్వరిల్లుచుండగా వినెను. యాగమును ఆపించెను. పగలో హక్కున్నవాడు ఆగుటకు అడుగువాడు కావలెను, విను కొలువును కావలెను. మన ఊళ్లలో అడుగువారు లేకపోలేదు. వారి మాట చెల్లునట్టి కొలువును, త్వరగా తీర్పు చెప్పు కొలువును నిలుపుట మన చేతులలోని పని.